చెదలకు వదిలిన గ్రంథాలు

మార్కాపురం దగ్గర ఒక పల్లెలో దొరల బంగళా ఉంది. అందులో ఒక గది నిండా తాటాకు గ్రంథాలు, పాత అచ్చు పుస్తకాలు ఉండేవి. జాగీరు రోజుల నుంచి ఆ వంశం వాళ్లు పోగేసినవి. కొన్నవి కొన్ని, లాక్కున్నవి కొన్ని.

పుల్లలచెరువు వైపు నాటువైద్యం చేసే రంగయ్య వైద్య గ్రంథం అలాగే పోయింది. చూసి ఇస్తానని తీసుకున్న పెద్దదొర తిరిగివ్వలేదు. అడగడానికి వెళ్లిన రంగయ్యను, దొంగతనానికి వచ్చాడని వాకిట్లో స్తంభానికి కట్టించాడు. ఆ తర్వాత రంగయ్య చేతి మందు ఎవరూ తాగలేదు. ఆయన దొంగ అన్న పేరుతోనే కన్నుమూశాడు.

ఆయన కూతురు శివపార్వతి పెళ్లయి బంగళా ఉన్న పల్లెకే వచ్చింది. తండ్రి పేరు చెప్పకుండా బంగళాలో పనికి కుదిరింది. తాటాకులకు నిమ్మగడ్డి నూనె రాయడం, పురుగు పట్టకుండా బీరువాల్లో వస కొమ్ములు పెట్టడం ఆమె పని. గ్రంథం కనబడితే ఎత్తుకుపోదామనుకుంది. కనబడింది. చిన్నప్పుడు నాన్న ఒళ్లో కూర్చుని అక్షరాలు కూడబలుక్కున్న ఆకులే అవి. పైన దొరల ముద్ర, ‘మా వంశీకుల రచన’ అని చీటీ.

ఆ కట్ట ఒక్కటీ పట్టుకుపోతే కసి తీరదనిపించింది.

ఆనాటి నుంచి ఆమె నూనె రాయలేదు. గోడ చెమ్మగిల్లినా చెప్పలేదు. చెదల మన్ను కనిపిస్తే బయట మట్టుకు తుడిచి, బీరువా తలుపు మూసేది.

కిందటేడు పెద్దదొర మనవడు వేణుగోపాల్ గ్రంథాలను అందరికీ చూపిద్దామని పండితులను పిలిపించాడు. ఏ బీరువా తెరిచినా మన్ను రాలింది.

“ఏంది పార్వతక్కా ఇది? ఒక్క మాటన్నా చెప్పలేదే!”

“నేను పుల్లలచెరువు రంగయ్య కూతుర్ని. మీ తాత ఈ వాకిట్లోనే మా నాయన్ను కట్టేసినాడు. దొంగను గాదని మా నాయన చెప్పినాడు. ఎవరు ఇన్నారు?”

వేణుగోపాల్ బీరువా తలుపు వదిలేశాడు. “మా తాత చేసిందానికి నేనేం జేసినాను?”

“ఏం జెయ్యలేదు. ఆ చీటీ గూడా పీకలేదు.”

“మీ నాయన గ్రంథం గూడా పోయింది గదక్కా!”

“పోనీ. మీ ముద్ర పడినాక అది మాది గాదు.”

పనిలోంచి తీసేశారు. ఇప్పుడామె మార్కాపురంలో పలకల ఫ్యాక్టరీకి పోతోంది. తప్పు కాదా అని తోటి ఆడవాళ్లు అడిగితే దాచదు.

“తప్పే. అయినా మళ్లా అట్లనే జేస్తా” అంటుంది.