దేముడమ్మ తిట్టిందంటే

బాంబూఫ్లాట్ చేపలవాళ్ళ వీధిలో ఏ వస్తువు పోయినా జనం ముందు పోలీసుల దగ్గరికి వెళ్ళరు, దేముడమ్మ దగ్గరికి వెళతారు. ఆమె చేపల గంప దించి, కొంగు నడుముకు బిగించి, వీధి మొదట్లో నిలబడి ఆ కనబడని దొంగను తిట్టిపోస్తుంది. తిట్టడంలో ఆమెకు సాటి ఈ దీవుల్లోనే లేరు. కొత్తగా వచ్చిన సరంగు ఒకడు ఫెర్రీ నడుపుతూ ఆ గొంతు విని, ఎదురుగా పెద్ద ఓడేదో వస్తోందనుకుని పక్కకు తప్పుకున్నాడట.

"నీ వల్లో పాత సెప్పులు పడ! నువ్వు జెట్టీకి సేరేసరికి ఫెర్రీ ఎల్లిపోను! ఒంటికి సబ్బు రుద్దుకున్నాక కొళాయి ఆగిపోను!"

ఆమె తిట్లన్నీ ఇలాంటివే. చావు మాట గానీ పిల్లల మాట గానీ పొరపాటున కూడా రాదు. అయినా సాయంత్రానికల్లా పోయిన వస్తువు ఆమె పెరట్లో కనబడుతుంది. సూరయ్య లంగరు అలాగే దొరికింది. రామలక్ష్మి ఇత్తడి బిందె కూడా అలాగే దొరికింది, పైగా తళతళా తోమి ఉంది.

కానిస్టేబుల్ మణికుమార్‌కు ఇదే మింగుడుపడలేదు. అవతలి ఒడ్డున పట్నంలోని డెలానీపూర్‌లో పుట్టి పెరిగిన మనిషి, ఈ వీధి చివరి ఔట్‌పోస్టుకు కొత్తగా వచ్చాడు. తిట్లకే దొంగలు లొంగితే తనకు ఈ లాఠీ ఎందుకని అతనికి ఒకటే దురద.

"పిన్నీ, సచ్ బోలో, ఏటి మంత్రం?"

"మంత్రం లేదు, మట్టీ లేదు. తిట్టు బాబూ, తిట్టు! నీకు రాకపోతే నేర్సుకో."

ఇలా ఉండగా ఒకనాడు మణికుమార్ జెట్టీ దగ్గర ఏదో తగాదా తీర్చి వచ్చేసరికి, ఔట్‌పోస్టులో టీ నీళ్ళు చల్లారి ఉన్నాయి. స్టవ్ గొట్టం వేలాడుతోంది. గ్యాస్ సిలిండర్ లేదు! మర్నాడు పొద్దున్నే ఇన్‌స్పెక్టర్ తనిఖీ. పోలీసుల సిలిండరే పోయిందని రాస్తే ఊరంతా నవ్వడం అటుంచి, తనను మూటాముల్లెతో దీవుల చిట్టచివరి క్యాంప్‌బెల్ బేకి ఓడ ఎక్కిస్తారు. టోపీ చంకలో పెట్టుకుని దేముడమ్మ ఇంటికి పరుగెత్తాడు.

"పిన్నీ, నా కోసం ఒక్కసారి తిట్టాల."

"ఏటి పోనాది?"

"సిలిండర్."

"ఎవులిది?"

"సర్కారుది... అంటే, మాదే."

దేముడమ్మ గుమ్మంలో కూలబడి కడుపు పట్టుకుని నవ్వింది. నవ్వడం అయ్యాక లేచి కొంగు బిగించింది.

"పోలీసోల టీ సల్లారబెట్టినోడా! నీ సొక్కా గుండీలు ఊడ! నీ ఫోను సార్జింగెక్కకపోను! నాను మూడు గంటల ఫెర్రీకి అబర్డీన్ బజారెల్లి పొద్దుగూకితే గానీ రానని నీకు తెలిసిపోను! నా పెరటి తలుపుకి గొళ్ళెం లేదని నీ సెవిన పడ!"

మణికుమార్‌కు అప్పుడు వెలిగింది. ఇన్నాళ్ళూ వీధంతా తిట్లలోని కారమే విన్నది. ఫెర్రీ వేళ మాత్రం వినవలసినవాడే విన్నాడన్నమాట!

ఇక పోలీసు బుద్ధి ఊరుకుంటుందా? మూడు కాకముందే వెళ్ళి ఆమె పెరట్లో నీళ్ళ డ్రమ్ము వెనక నక్కాడు.

"ఓలమ్మో, నా డ్రమ్ముకి టోపీ మొలిసింది! లే, గంప ఎత్తు."

ఫెర్రీలో గంప పక్కన కూర్చుని అతను గొణిగాడు. "కాసేపు ఆగితే దొరికేటోడు పిన్నీ. పట్టుకోడం నా డ్యూటీ హై నా?"

"నీకు సిలిండర్ గావాలా, మనిసి గావాలా?"

"రెండూ."

"రెండూ రావు. పోలీసున్న పెరట్లోకి ఎవులొస్తారు?"

"ఎవరో నీకు తెలుసా?"

"తెల్దు. తెలిస్తే రేపు ఆల మొకం సూసి సేపలెలా అమ్మేది? గుమ్మంలో ఉన్న నీ సైకిల్ వొగ్గేసి సిలిండర్ ఎత్తుకెల్లారంటే ఏటి? ఇంట్లో పొయ్యి ఎలగట్లేదని. పోలీసోడివి, ఆ మాత్రం తెల్దా?"

మణికుమార్‌కు తెలియదు. చేపలు అమ్ముడయ్యాక ఆమె బజారులో ఒక కిరసనాయిలు స్టవ్ బేరమాడి కొని అతని చేతిలో పెట్టింది. ఎందుకని అడిగితే కసిరింది.

పొద్దుగూకాక వచ్చి చూస్తే పెరట్లో సిలిండర్ ఉంది. మణికుమార్‌కు ప్రాణం లేచివచ్చింది. అంతలోనే తడి మట్టిలో పాదాల గుర్తులు కనబడ్డాయి. ఎటు వెళ్ళాయా అని వంగాడు. దేముడమ్మ గంప కడిగిన బకెట్టు నీళ్ళు సరిగ్గా వాటి మీదే కుమ్మరించింది.

"నీ సూపు మండ! సిలిండర్ ఎత్తుకుని ఎల్లు."

మర్నాడు ఇన్‌స్పెక్టర్ వచ్చాడు, వేడి టీ తాగాడు, బాగుందని వెళ్ళిపోయాడు. ఆయన జీపు మలుపు తిరిగిందో లేదో వీధి మొదట్లో గొంతు లేచింది. మణికుమార్ పరుగున వెళ్ళాడు.

"మళ్ళీ ఏటి పోనాది పిన్నీ?"

"ఏటీ పోలేదు. అదే నా బాద!" అని ఆమె వీధి వైపు తిరిగింది. "నా పెరట్లో కొత్త స్టవ్వు కాలికి అడ్డం పడతంది! పొయ్యి ఎలగనోలు దాన్ని ఎత్తుకుపోకపోతే ఆల కూరలో ఉప్పెక్కువైపోను! నాను మూడు గంటల ఫెర్రీకి ఎల్తన్నాను! ఈ పోలీసోడు కూడా నా ఎంటే వస్తన్నాడు!"

మణికుమార్‌కు ఆ రోజు బజారులో పనేమీ లేదు. అయినా మూడయ్యేసరికి చేపల గంప నెత్తిన పెట్టుకుని, వీధంతా చూసేలా నడిమధ్యన నడుస్తూ జెట్టీకి బయలుదేరాడు.