గ్రాండ్‌మాస్టర్ జంబోవ్‌స్కీ, మా భారతక్క

ప్రపంచంలోని గ్రాండ్‌మాస్టర్లందరికీ... ఉన్నవారికీ, పోయినవారికీ... ముందుగా సాష్టాంగపడి క్షమాపణ చెప్పుకుంటున్నాను. తమరి ఘన చరిత్రలను ముట్టుకునే అర్హత నాకు లేదు. అయినా ముట్టుకున్నాను. అదీ వేరుశెనగ నూనె చేతులతో...

మా చిన్నప్పుడు... మా ఊరు పాతపాళ్యలో, ఇంటి నడవలో తాత, మా పెదనాన్న కూతురు భారతక్క చదరంగం ఆడుతుంటే, పక్కనే నేను బాగేపల్లి అంగడి నుంచి సరుకులు చుట్టుకొచ్చిన పేపర్లు విప్పి చూసేవాడిని. చదరంగం వాళ్ల ఫోటో కనబడితే చాలు... కత్తిరించి, అన్నం మెతుకులతో నోట్‌బుక్‌లో అంటించేవాడిని.

ఎవరు ఎన్నేళ్లకు ఛాంపియన్ అయ్యారు, ఎవరు ఎవరిని ఓడించారు... అన్నీ అందులో ఉండేవి. నాకు కావలసినవి మాత్రం పేపర్లో ఉండేవి కావు. ఆటకు ముందు వాళ్లు ఏం తింటారు? ఓడిపోయి ఇంటికి పోతే వాళ్లమ్మ తిడుతుందా?

పెద్దమ్మకైతే ఒకటే సందేహం. నూనె మరకలోంచి చూస్తున్న ప్రపంచ ఛాంపియన్‌ను వేలితో చూపించి, "ఈయప్పకు పెండ్లయిందేమిరా?" అనేది.

ఇక తాత రూలు ఒకటుంది. ఆటలో ఒకే ఒక్కసారి, రాజు గుర్రంలాగా దూకొచ్చు. ఎందుకు తాతా అంటే... "రాజంటే రాజే కదప్పా. పానం మీదికొస్తే గుర్రమెక్కడా?" అనేవాడు. 

భారతక్క ఎస్సెస్సెల్సీకి, అదే పదో తరగతికి, వచ్చింది. పెదనాన్న తేల్చి చెప్పేశాడు. "జిల్లాలో గెలిస్తే బెంగళూరికైనా నేనే పిలుచుకోని పోతా. లేదంటే ఆ చదరంగం బల్ల అటకెక్కల్ల. చదువు చూసుకో."

అక్క సరేనంది. ఆ రోజు నుంచి ఆమె జడ వేసుకుంటూ కూడా ఎత్తులు గొణుక్కునేది...

బాగేపల్లిలో తాలూకు పోటీలు. ఆఖరి ఆటలో, ఓడిపోయేలా ఉన్న సమయంలో, అక్క నింపాదిగా రాజును ఎత్తి గుర్రంలా దూకించింది.

ఎదుట కూర్చున్న టౌను పిల్లోడు లేచి నిలబడ్డాడు. "సార్, మోసం సార్! రాజు యాడన్నా దూకుతాడా?"

"మా ఇంట్లో దూకుతాడు" అంది అక్క.

పోటీ నడిపిస్తున్న పీటీ మేష్ట్రుకు కబడ్డీ రూళ్లు తప్ప వేరే రూళ్లు తెలియవు. ఆయన తల గోక్కుని నావైపు తిరిగారు. "ఏమప్పా, ఎప్పుడు చూసినా ఆ బుక్కు చంకలో పెట్టుకోని తిరుగుతాండావే... నువ్వు చెప్పు. ఆ రూలు ఉండాదా, లేదా?"

లేదని నాకు తెలుసు. నోట్‌బుక్కులో రూళ్ల పేపరు ముక్క కూడా అంటించి ఉంది. కానీ అక్క నావైపు చూస్తోంది...

నేను గంభీరంగా పేజీలు తిప్పాను. "ఉండాది సార్. గ్రాండ్‌మాస్టర్ జంబోవ్‌స్కీ ఇట్లనే రాజును దూకించి ప్రపంచ ఛాంపియన్‌ను ఓడించినాడు."

అలాంటి మనిషి ఈ భూమ్మీద పుట్టలేదు. ఆ క్షణంలోనే, నా నోట్లో పుట్టాడు.

"ఫారిన్ వాళ్లే దూకిస్తాండారంటే మనకేమప్పా?" అన్నారు మేష్ట్రు. అక్క గెలిచింది.

జిల్లా పోటీలకు పోతూ చిక్కబళ్లాపురం బస్సులో అక్క నన్ను ఊపిరి తీసుకోనివ్వలేదు. "ఆయప్పకు ఎవురు నేర్పించిరిరా?"

"వాళ్ల తాత."

"వాళ్ల నాయన ఏం చేస్తాండె?"

"మేకలు కాస్తాండె."

"మన మాదిరే!" అని అక్క కిటికీ బయటికి చూస్తూ నవ్వుకుంది. గుడిబండె క్రాసు దాటేసరికి జంబోవ్‌స్కీకి ముగ్గురు చెల్లెళ్లు, ఒక కుంటి గుర్రం, పదకొండు బంగారు పతకాలు వచ్చేశాయి...

జిల్లా పోటీల్లో అక్క రెండు ఆటలు గెలిచింది. మూడో ఆటలో చిక్కు వచ్చింది. రాజును దూకించింది.

అక్కడి సార్‌కు రూళ్లు తెలుసు. "అట్ల కుదరదమ్మా. ముట్టుకున్నావు కాబట్టి రాజునే, ఒక్క గడి జరపల్ల" అన్నారు.

"జంబోవ్‌స్కీ ఆడినాడు సార్! మా తమ్ముని బుక్కులో ఉండాది. వాడు ఈడే ఉండాడు, పిలిపించండి సార్!"

సార్ నా కోసం వెతికారు. తమ్ముడు దొరకలేదు. అక్క రాజును ఒక్క గడి జరిపింది. ఇంకో మూడు ఎత్తుల్లో ఆట అయిపోయింది.

ఇంటికి వచ్చాక బల్ల అటకెక్కింది. ఎక్కించింది పెదనాన్న కాదు... అక్కే.

ఇప్పుడు అక్క చింతామణిలో ఉద్యోగం చేస్తోంది. నిరుడు ఫోన్‌లో మళ్లీ ఆట మొదలుపెట్టింది. మొన్న ఫోన్ చేసి, "జంబోవ్‌స్కీ ఆటలు ఎంత వెతికినా దొరకలేదురా. స్పెల్లింగ్ ఏమి?" అంది. 

ఫోన్‌లో రాజు దూకడు. ఎంత లాగినా మర్యాదగా తన గడిలోకి తాను వెనక్కి పోతాడు. ప్రపంచమంతా ఒకే రూలు... వాదించడానికి మనిషే లేడు. మీ ఇళ్లలో మీ తాతలు రాజుకు ఏమేం స్వేచ్ఛలు ఇచ్చారో రాయండి. నాకు నిజంగా తెలుసుకోవాలని ఉంది.

ఇంకొక్కటి. ఆ జిల్లా పోటీలో సార్ వెతికినప్పుడు నేను టీకి పోయానని అక్క ఇప్పటికీ అనుకుంటోంది. పోలేదు. హాలు తలుపు పక్కనే ఉన్నాను. సార్ నా దగ్గరికే వచ్చి, "ఆ పాప తమ్ముడివి నువ్వేనా?" అని అడిగారు.

నోట్‌బుక్కు చొక్కా కిందికి తోసుకుని, కాదు సార్ అన్నాను.