వంత పాడని పూట

మొన్న జహీరాబాద్‌లో, బొంబాయి రోడ్డు పక్కనున్న ఫంక్షన్ హాలులో మా మరిది మనుమరాలి పెండ్లి. డీజేవాడు ఏదో పల్లెపాట వేశాడు. పెండ్లాం తిండిపోతట, మొగుడు పాపం అమాయకుడట. చదువుకున్న ఆడపిల్లలు పట్టుచీరల్లో చేతులెత్తి మరీ దానికి వంత పాడుతూ ఎగురుతున్నారు. చూస్తుంటే నాకు ఒళ్లు మండింది. అంతకన్నా పనికిమాలిన పాట ఒకటి నాకు తెలుసు. దాన్ని కట్టిన ఘనుడు మా చిన్నమామ, అంటే మా మామగారి తమ్ముడు.

నేను మొగుడంపల్లి దగ్గరి ఊరికి కాపురానికి వచ్చింది డెబ్భైలలో. చలికాలం వస్తే మా తోటలో చెరకు గానుగ ఆడేది. మగవాళ్లు చెరకు నరికి తెచ్చేవాళ్లు, ఎద్దులు గానుగ తిప్పేవి, ఆడవాళ్లం పిప్పి ఎండబెట్టి బెల్లం పొయ్యికి అందించేవాళ్లం. చిన్నమామ మాత్రం ఇక్కడి పుల్ల తీసి అక్కడ పెట్టేవాడు కాదు. నులకమంచం మీద కూర్చుని, ఉడుకు బెల్లం నాకుతూ పాట ఎత్తుకునేవాడు. "ముద్దకు ముందుంటదీ నా పెండ్లామూ, పనికి పండుకుంటదీ" అని ఆయన అనాలి. "నిజమే మామా, నిజమే" అని మేం వంత పాడాలి. అందులోనూ మొదటి గొంతు ఆయన భార్యది, మా చిన్నత్తది కావాలి. నవ్వంతా అక్కడే ఉందని ఆ మహానుభావుడి నమ్మకం. కోడికూతతో లేచి, ఇంటెడు చాకిరీ చేసి, పొయ్యి పొగకు కళ్లు ఎర్రబడిన మనిషి తలదించుకుని "నిజమే మామా" అనేది. రోజూ గొడవెందుకని ఊరుకునేది.

ఒకనాటి సాయంత్రం రాయికోడ్ నుంచి చిన్నత్త అన్న వచ్చాడు. వాళ్ల తల్లి పోయి ఏడాది కూడా తిరగలేదు. కొత్త మనిషిని చూసేసరికి చిన్నమామకు హుషారు పుట్టి కొత్త చరణం కట్టాడు. "తల్లి ఏం నేర్పెనో నా పెండ్లానికీ, తినుడొకటే నేర్పెనూ!"

అన్న ముఖం వాడిపోయింది. చెల్లెలి వంక చూశాడు. ఆమె నిజమే అంటే కన్నతల్లిని ఆమె నోటితోనే తిట్టినట్టు. చిన్నత్త చేతిలోని పిప్పి కింద పడేసి నిలబడింది. నోరు తెరవలేదు. ఆమె అననిదే మేమెట్లా అంటాం? అందరం పెదవులు బిగించుకున్నాం. ఆయన మళ్లీ గట్టిగా ఎత్తుకున్నాడు. ఎద్దుల మెడగంటలు తప్ప ఏమీ వినిపించలేదు.

"ఏందే, నోళ్లు పడిపోయినయా?" అని అరిచాడు.

"పాడెటోనివి నువ్వే గద, నిజమని గూడ నువ్వే అనుకో. మాకు పనున్నది" అంది చిన్నత్త.

ఆ మూర్ఖుడు పౌరుషానికి పోయి అన్నాడు కూడా! తన చరణానికి తనే గొంతు సన్నగా చేసి, "నిజమే మామా" అనుకున్నాడు. మగవాళ్లే ముందు నవ్వారు. గానుగ తోలే ముసలాయన ఎద్దుల్ని ఆపి మరీ నవ్వాడు. అన్న మాత్రం నవ్వలేదు. వచ్చి పిప్పి మోపు చెల్లెలి తలకెత్తాడు.

తర్వాత కొన్నాళ్లు చిన్నమామ ఆమెతో మాట్లాడలేదు. "చెవులకు జర సుఖమాయె" అనేది చిన్నత్త. పాట కల్లు కాంపౌండుకు మకాం మార్చింది. అలాంటి పాటకు అలాంటి చోటే తగును.

ఫంక్షన్ హాలులో నా మనుమరాలు "రా నాయనమ్మా, నువ్వు గూడ అను" అని చెయ్యి పట్టి లాగింది. "నేననను బిడ్డా" అన్నాను. వింతగా చూసి, మళ్లీ ఎగరడానికి పోయింది. గానుగ పోయింది, ఎద్దులు పోయాయి, చిన్నమామా పోయాడు. ఆయన పాటకు వంత పాడేవాళ్లకు మాత్రం ఇన్నేళ్లయినా కరువు రాలేదు.