బాతుల సరస్సుకు కౌన్సెలింగ్

ఆ రోజుల్లో ప్రపంచంలోని ప్రతి సమస్యకూ కంప్యూటర్లో ఒక పరిష్కారం ఉంటుందనీ, ఆ కంప్యూటర్ నా లాప్‌టాపేననీ నాకు గట్టి నమ్మకం ఉండేది. ఆ రోజుల్లో అంటే మరీ తాతల కాలం కాదు లెండి. అప్పటికే వాట్సాప్‌లో మా అమ్మ పొద్దున్నే గులాబీ పువ్వులు పంపుతుండేది. ఐర్లండులో ఎమ్మెస్ చదవడానికి వచ్చి ఏడాది కావస్తోంది. డోనెగల్ కొండల్లో, లెటర్‌కెన్నీ అనే ఊళ్ళో డేటా అనలిటిక్స్ వెలగబెడుతున్నాను. (ఒంగోలులో మావాళ్ళు మాత్రం "మావాడు డబ్లిన్‌లో చదువుతున్నాడు" అని చెప్పుకునేవారు. డబ్లిన్ మాకు బస్సులో నాలుగు గంటలు. లెటర్‌కెన్నీ పలకడానికి నోరు తిరగడం లేదని మా అమ్మ ఆ ఊరినే రద్దు చేసేసింది.)

నేను అద్దెకుండే ఇంట్లో కింద మా ఓనరు, ఆయన భార్య ఉండేవారు. పైన రెండు గదులు. ఒక దాంట్లో నేను, రెండో దాంట్లో చీరాల నుంచి వచ్చి అక్కడి ఆసుపత్రిలో నర్సుగా చేస్తున్న ఒక అక్క. మా ఓనరు మంచివాడే. వంటింట్లో పోపు ఘాటుకు దగ్గుతూ కూడా "గ్రాండ్, గ్రాండ్" అనేవాడు. ఆ దేశంలో గ్రాండ్ అంటే బాగుందని అర్థం, బాగాలేదని అర్థం, ఇక చాలు ఆపమని కూడా అర్థం. ఏ అర్థమో ముఖం చూసి తెలుసుకోవాలి. ఆ ముఖంలో ఏమీ కనపడదు. అదొక చిక్కు.

ఆగస్టు మొదట్లో ఆయన నిలబడి టీ తాగుతూ, వాతావరణం గురించి చెప్పినంత తేలిగ్గా ఒక మాట చెప్పాడు. వాళ్ళ మేనల్లుడు సెప్టెంబరులో ఇక్కడ కాలేజీలో చేరుతున్నాడట, వాడికి గది కావాలట. "ఇంకా ఏమీ అనుకోలేదు. మా క్లబ్బు మీటింగ్ కానీ, చూద్దాం," అన్నాడు. లెటర్‌కెన్నీలో అద్దెకు గది దొరకడం కంటే మా ఒంగోలులో మే నెలలో వాన కురవడం సులభం. ఆ సాయంత్రం అక్కతో చెబితే ఆవిడ డ్యూటీ బూట్లు విప్పుతూ, "ఏందిరా, ఇంకా నవ్వుతా నిలబడ్డావు? ఈ రూము పోయిందంటే నీకు ఈ ఊళ్ళో కోళ్ళ గూడు కూడా దొరకదు. ఆయన ఏం అడిగినా కాదనకుండా చెయ్యి," అని హితబోధ చేసింది.

ఆయన అడిగింది వేట గురించి. ఊరికి కాస్త దూరంలో ఒక సరస్సు ఉంది. చలికాలం వస్తే దాని మీద అడవి బాతులు వాలతాయి. వాటిని కాల్చుకునే హక్కు అక్కడి వేటగాళ్ళ క్లబ్బుకు ఉంది. బాతులు అంతరించిపోకూడదు కాబట్టి సీజనుకు పన్నెండు పర్మిట్లే ఇస్తారు. కావాలనేవాళ్ళేమో నలభై మందికి పైనే. మా ఓనరు ఆ క్లబ్బుకు సెక్రటరీ. పంపకం ఎలా చేసేవారయ్యా అంటే, ఏటా ఆగస్టులో చర్చి పక్కనున్న హాల్లో అందరూ చేరేవారు. క్లబ్బు ప్రెసిడెంటు తన గళ్ళ టోపీ తీసి, అందులో పేర్ల చీటీలు వేసి, కళ్ళు మూసుకుని పన్నెండు తీసేవాడు. (మన భాషలో టోపీ వేయడం అంటే ఏమిటో వాళ్ళకు తెలియదు. నేనూ చెప్పలేదు.) ఏటా ఆ పన్నెండులో ప్రెసిడెంటు ఉండేవాడు, ఆయన తమ్ముడు ఉండేవాడు, బావమరిది ఉండేవాడు, మా ఓనరు తప్పకుండా ఉండేవాడు. అదృష్టానికి కూడా బంధుప్రీతి ఉంటుందని నాకు అక్కడే తెలిసింది. పైగా చీటీలు ఎక్కువ పడితే అవకాశం పెరుగుతుంది కాబట్టి, తుపాకీ ముఖం చూడని భార్యల పేర్లు, నడవలేని అమ్మమ్మల పేర్లు కూడా టోపీలో పడుతుండేవి. ఇన్నేళ్ళకు జనానికి విసుగొచ్చింది. ఆ టోపీకి లోపల జేబు ఉందని కొందరు బాహాటంగానే అంటున్నారు.

"నువ్వు కంప్యూటర్లు చదువుతున్నావుగా, ఎవరూ నోరెత్తకుండా న్యాయంగా పంచే పద్ధతి ఒకటి చెయ్యగలవా?" అని అడిగాడు మా ఓనరు. చెయ్యగలవా అనా అడగడం! ఇంజనీరింగ్ కౌన్సెలింగ్‌లో నలిగి బయటపడ్డ తెలుగు కుర్రవాణ్ణి పట్టుకుని సీట్ల కేటాయింపు వచ్చా అని అడుగుతాడా! ర్యాంకులు, కోటాలు, లోకల్, నాన్‌లోకల్, ఫ్రీజింగ్, స్లైడింగ్, ఇవన్నీ మాకు ఉగ్గుపాలతో పట్టిన విద్యలు. చేపకు ఈత వచ్చా అని ఎవరైనా అడుగుతారా? నేను గది సంగతి కూడా మరిచిపోయి లాప్‌టాప్ ముందు కూర్చున్నాను. బాతు అనే ప్రాణిని దగ్గరగా చూసింది లేదు, తుపాకీ శబ్దం దీపావళి టపాకాయల్లో తప్ప విన్నది లేదు. అయినా ఆ సరస్సుకు ఒక సంపూర్ణమైన కౌన్సెలింగ్ పద్ధతి తయారుచేశాను.

పద్ధతి ఇదీ. వేసవిలో క్లబ్బు తరఫున సరస్సులో రెల్లు కోసి, చెత్త ఏరే పనికి వచ్చినవాళ్ళకు మార్కులు. నిరుడు పర్మిట్ దక్కినవాళ్ళకు మార్కుల కోత. పన్నెండింటిలో పది లోకల్‌కు, రెండు నాన్‌లోకల్‌కు. దక్కిన పర్మిట్ ఇంకొకరి పేరున మార్చడం కుదరదు. కమిటీ ముందు ఇదంతా చదివితే లోకల్ అన్న మాట దగ్గర అందరూ ఒక్కసారిగా బల్ల చరిచారు. "లోకల్ వాళ్ళకే ముందు, అదీ న్యాయమంటే," అని అందరికంటే గట్టిగా చరిచింది మా ఓనరే. లోకల్ అంటే ఎవరని ఒక్కరూ అడగలేదు. ప్రతివాడూ లోకల్ అంటే తానేననుకున్నాడు. నేనూ చెప్పలేదు, ఎందుకంటే అది చెప్పాల్సిన విషయమని నాకు తట్టనే లేదు. మన దగ్గర ఎవడు ఎక్కడ చదివితే అక్కడ లోకల్. ఇది సూర్యుడు తూర్పున ఉదయించడం లాంటి విషయం కదా! అందుకని దరఖాస్తులో 'చివరిగా చదివిన ఊరు' అని ఒక గడి పెట్టి, మిగతాది కంప్యూటరుకు వదిలేశాను. పేర్లు, వివరాలు ఎక్కించే పని సెక్రటరీ హోదాలో మా ఓనరే చేశాడు. ఫలితం మీటింగ్‌లో అందరి ఎదుటా తెర మీద కనపడే దాకా ఎవరూ చూడకూడదని నేనే పట్టుబట్టాను. పారదర్శకత అంటే ఏమిటో వీళ్ళకు చూపించాలని నా తాపత్రయం.

అక్క మాత్రం ముందే అంది. "అయ్యో నా తండ్రీ, బాతులకి కూడా కౌన్సెలింగేనా? ఆ టోపీతో ఏదో వాళ్ళ తిప్పలు వాళ్ళు పడేవాళ్ళుగా. నీ సామాన్లు ఇప్పుడే సర్దుకో." నేను జాలిగా నవ్వాను. పాపం నర్సమ్మ, ఆవిడకు అల్గారిథమ్‌లు ఏం తెలుసనుకున్నాను.

మీటింగ్ రోజు హాలు కిటకిటలాడిపోయింది. నేను పెళ్ళికొడుకులా ఇస్త్రీ చొక్కా వేసుకుని మీట నొక్కాను. తెర మీద పేర్లు వచ్చాయి. ప్రెసిడెంటు కళ్ళజోడు సవరించుకుని లోకల్ జాబితా మొదటి పేరు చదవబోయి ఆగిపోయాడు. ఇంకోసారి చూశాడు. ఆ తర్వాత కూడబలుక్కుంటూ చదివాడు. అది నా పేరు. మా తాతగారి పేరుతో, ఇంటిపేరుతో సహా, మొత్తం. హాలంతా నా వైపు తిరిగింది. విషయం ఏమిటంటే, చీటీలు పెంచుకునే పాత అలవాటు కొద్దీ మా ఓనరు నా పేరూ, అక్క పేరూ కూడా ఎక్కించేశాడు. నేను చివరిగా చదివిన ఊరు లెటర్‌కెన్నీ. ప్రతి శనివారం "తాజా గాలి ఒంటికి మంచిది" అని నన్ను సరస్సుకు లాక్కుపోయి రెల్లు కోయించింది ఆయనే, కాబట్టి పనికి నిండు మార్కులు. నిరుడు పర్మిట్ లేదు, కాబట్టి కోత లేదు. ఒంగోలు వాడు డోనెగల్‌లో లోకల్ ఫస్ట్ ర్యాంకు. అక్క చదివింది గుంటూరు కాబట్టి బతికిపోయింది.

మా ఓనరు పేరు నాన్‌లోకల్ జాబితాలో, అందరికంటే కింద ఉంది. ఉన్న రెండు సీట్లూ పైవాళ్ళకే పోయాయి. ఆయన చదివింది ఎక్కడో తూర్పు తీరంలోని డ్రోహెడాలోనట. అక్కడ పుట్టి, అక్కడే చదివి, ఉద్యోగం కోసం ఇక్కడికి వచ్చి, ఇక్కడి పిల్లను చేసుకుని ముప్పై ఏళ్ళు అయిందట. ఇవన్నీ నాకెవరు చెప్పారు? ఏటా పర్మిట్ దక్కినవాడు కాబట్టి కోత కూడా పడింది. వెనక బెంచీల నుంచి ఎవరో, "కంప్యూటర్ కరెక్టుగానే చెప్పిందిరా, వాడు గాలికి కొట్టుకొచ్చినోడేగా!" అన్నారు. బయటి ఊరి నుంచి వచ్చి స్థిరపడినవాణ్ణి వాళ్ళు అలాగే అంటారట, ముప్పై ఏళ్ళయినా సరే. హాలు పగలబడి నవ్వింది. ప్రెసిడెంటు అయితే కళ్ళు తుడుచుకున్నాడు. (ఆయన లోకల్‌లో పదో సీటు పట్టుకుని వేలాడుతున్నాడు, ఆయనకేం!) మా ఓనరు మెడ దగ్గర మొదలైన ఎరుపు చెవుల దాకా పాకింది.

కారులో ఇంటికి వచ్చేటప్పుడు నేను "సారీ" అన్నాను. "గ్రాండ్," అన్నాడు. అది ఏ రకం గ్రాండో తెలుసుకోవడానికి ఈసారి ముఖం చూడక్కర్లేదు. ఇంటికి వచ్చి సూట్‌కేసు మంచం కింది నుంచి బయటకు లాగాను. అక్క గుమ్మంలో నిలబడి చూసి, తిట్టడానికి కూడా మనసొప్పక, "అన్నం తిన్నాక సర్దుకోరాదూ?" అంది. నాకు ఏడుపొచ్చినంత పనయింది. గది పోతున్నందుకే కాదు. ముప్పై ఏళ్ళు ఒక ఊళ్ళో బతికిన మనిషిని నలుగురిలో పరాయివాణ్ణి చేసినందుకు.

ఆ వారమంతా మా ఓనరు నాతో వాతావరణం తప్ప ఇంకేమీ మాట్లాడలేదు. శనివారం పొద్దున నా గది తలుపు కొట్టాడు. తన ఇంట్లో నా గది తలుపు కొట్టి, రావచ్చా అని అడిగి లోపలికి రావడం అదే మొదలు. చేతిలో నా పర్మిట్ ఉంది. గదిలో ఉన్న ఒక్క కుర్చీలో కూర్చుని, కిటికీ బయట కనపడని దేన్నో చూస్తూ, "పర్మిట్ ఉన్నవాడు ఒక అతిథిని వెంట తెచ్చుకోవచ్చు, ఆ అతిథీ కాల్చవచ్చు. నిబంధనల్లో ఎప్పటి నుంచో ఉంది. కాకపోతే పర్మిట్ ఉన్నవాడు కూడా సరస్సు దగ్గర ఉండాలి," అన్నాడు. మంచం పక్కనే సూట్‌కేసు నోరు తెరుచుకుని ఉంది. నాకు విషయం మెల్లగా తలకెక్కింది. "మరి మీ మేనల్లుడు..." అన్నాను. "వాడికి హాస్టల్లో చోటు దొరుకుతుందిలే," అన్నాడు మా ఓనరు. "సీజను జనవరి ఆఖరు దాకా. అప్పటి దాకా నువ్వు ఈ ఇల్లు కదలడానికి వీల్లేదు."

అలా నా గది నిలబడింది. దానికి నేను చెల్లించిన మూల్యం ఏమిటంటే, ఆ చలికాలం అంతా వారం వారం తెల్లవారకముందే లేచి, మోకాలి దాకా బూట్లు తొడుక్కుని, నేను కోయగా మిగిలిన రెల్లు మధ్య, వానలో కూర్చోవడం. ఆయన బాతుల కోసం చూసేవాడు, నేను తెల్లవారడం కోసం చూసేవాణ్ణి. సరిగ్గా బాతులు వాలే వేళకే నాకు తుమ్ము వచ్చేది. ఆయన తుపాకీ దించి "గ్రాండ్" అనేవాడు. ఒకసారి, ఫ్లాస్కులోంచి టీ పోసిస్తూ, నా వైపు చూడకుండానే, "నువ్వు ఒక్క ఏడాదిలో లోకల్ అయ్యావు. నా వల్ల ముప్పై ఏళ్ళలో కాలేదు. ఎలా చేశావయ్యా?" అన్నాడు. ఇద్దరం చాలాసేపు నవ్వాం. అసలే అంతంత మాత్రంగా ఉన్న బాతులు ఆ నవ్వుకు లేచిపోయాయి. ఆ మరుసటి ఏడాది క్లబ్బు ఏకగ్రీవంగా టోపీకి తిరిగి వెళ్ళింది. మా ఓనరు పేరు మళ్ళీ మొదటి చీటీలోనే వచ్చిందట. అదృష్టం ఎప్పటిలా తన వాళ్ళను గుర్తుపట్టింది.

ఇప్పుడు నేను డబ్లిన్ పక్కనే ఉన్న లూకన్‌లో ఉంటున్నాను. పెళ్ళయింది, ఇల్లు కొన్నాం, ఇక్కడే పుట్టిన కూతురు ఉంది. తెలుగులో అడిగితే ఐరిష్ యాసలో ఇంగ్లిష్‌లో జవాబు చెబుతుంది. పక్కింటాయన ఇప్పటికీ, ఎంతో మర్యాదగా, "అసలు ఊరు ఏది?" అని అడుగుతుంటాడు. మొన్న మా అమ్మాయి కూడా, ఏదో మాట మీద, "నేను లోకల్, నువ్వు కాదు డాడీ," అని తేల్చేసింది. నేను నవ్వుకుని, వంటింటి అల్మారాలో కారప్పొడి సీసా వెనక దాచుకున్న ఆ పాత పర్మిట్ తీసి దానికి చూపించాను. వాన చుక్కలకు మరకలు పడినా, నా పేరు పక్కన లోకల్ అని స్పష్టంగానే కనపడుతోంది. ఇన్నేళ్ళలో ఈ దేశంలో నేను లోకల్‌నని చెప్పిన కాగితం అదొక్కటే. అదీ నేను రాసుకున్న పద్ధతి ప్రకారమే.