పేరు చివర అప్ప

మా అమ్మ జన్మలో మునక్కాయ అనలేదు. "పొడుగుకాయ" అనేది. మదనపల్లె మార్కెట్లో కొత్తగా కొట్టు పెట్టినవాళ్లు పొట్లకాయ తీసి చేతిలో పెడితే, కాదని తల తిప్పి వేలితో చూపించి తెచ్చుకునేది. ఎవరైనా నీళ్లలో మునిగారని చెప్పాలన్నా "నీళ్లలోకి పోయినారు" అనేది. ఎందుకంటే మా నాయన పేరు "ముని"తో మొదలవుతుంది. మొగుడి పేరు పెళ్లాం నోట పలికితే అతని ఆయుష్షు తరిగిపోతుందని ఆమె నమ్మకం. నమ్మకం అని నేనంటున్నాను గానీ ఆమెకది భయం, పచ్చి భయం. ఆ రెండక్షరాలు ఆమె నోట రప్పించాలని చిన్నప్పుడు నేనూ చెల్లెలూ వెయ్యని వేషం లేదు. అడవిలో కూర్చుని తపస్సు చేసేవాణ్ణి ఏమంటారమ్మా అని అమాయకంగా అడిగేవాళ్లం. "గడ్డమాయన" అనేది, పప్పుగుత్తి ఎత్తి చూపిస్తూ.

ఆ పేరును నేనూ ఇక్కడ ముక్కలుగానే రాస్తాను, కలిపి రాయను. నాకు ఇలాంటి నమ్మకాలు లేవు. భయం మాత్రం ఉంది. అమ్మ దగ్గర నుంచి నాకు వచ్చిన ఆస్తి అదొక్కటే.

నాయన పుట్టింది పుంగనూరు పక్క పల్లెలో. ఆయన కడుపులో ఉండగా మా అవ్వకు ప్రాణం మీదికొస్తే, పొలిమేరలో ఉన్న మునికి మొక్కుకుందట. ఆ ముని కళ్లు మూసుకుని జపం చేసుకునే రకం కాదు. కోరమీసాలు, గుడ్లురిమే కళ్లు, చేతిలో కత్తి. కోడిని కోసి చుట్ట వెలిగించి పెడితే ఊరికి కాపలా కాస్తాడు. మిట్టమధ్యాహ్నం తిరుగుతాడని ఆ వేళప్పుడు ఆ దారిన మమ్మల్ని పోనిచ్చేవాళ్లు కాదు. బిడ్డ బతికాడు గనక ఆయన పేరే పెట్టి, చివర అప్ప చేర్చారు. కన్నడంలోనూ అరవంలోనూ అప్ప అంటే తండ్రి. మా పక్క ఉగ్గుపాలు తాగే పిల్లవాడు కూడా అప్పే.

"ఆయప్ప ఇచ్చిండే బిడ్డ, ఆయప్ప పేరు. మళ్లా అడిగితే ఇయ్యాల్సిందే," అనేది అవ్వ, ఏదో ఇరుగింటి నుంచి అడిగి తెచ్చుకున్న చేట సంగతి చెప్పినంత మామూలుగా. ఆ మాట విన్నప్పటి నుంచి నాయన మధ్యాహ్నం పూట బయటికెళ్తే నేను వాకిట్లోనే నిలబడేదాన్ని.

నాయనను మదనపల్లె బడిలో చేర్చినప్పుడు అయ్యవారు, ముని అంటే ఋషి కదా, అంత మంచి మాటకు ఈ మొరటు తోకేమిటని అప్పను కోసేసి రత్నం తగిలించారు. ఆధార్ కార్డులో అదే, ఆయన లెక్కలు రాసే టమోటా మండీలోనూ అదే. తర్వాత చెల్లెల్ని కుప్పంలో ఇచ్చాం. అక్కడ ఒక్క మాటలోనే మూడు భాషలు వినబడతాయి. ఆ వియ్యాలవారి నోట నాయన పేరు చివర సామి వచ్చి కూర్చుంది. ఆయన దేనికైనా పలికేవాడు. అమ్మకు మాత్రం రత్నమూ పట్టదు, సామీ పట్టదు. ఆమె పిలుపు "ఏమప్పా". తల వదిలేసి తోక పట్టుకుని పిలుస్తుందని నాయన ఎగతాళి చేసేవాడు.

అమ్మకు ఇంకో భయం కూడా ఉండేది. బయట నుంచి ఎవరో పేరు పెట్టి పిలిస్తే, మనిషి కనబడకుండా పలకకూడదు. పిలిచింది మనిషి కాకపోతే, పలికినవాడు దాని వెంట పోయినట్టే. వీధిలోంచి మండీవాళ్లు నాయనను కేకేస్తే ముందు అమ్మ వాకిట్లోకి వెళ్లేది, మొహం చూసేది, ఆ తర్వాతే లోపలికి తిరిగి "పలుకప్పా" అనేది. అప్పటిదాకా ఆయన నోరు మూసుకుని నవ్వుకుంటూ కూర్చునేవాడు.

పోయిన ఎండాకాలం చెల్లెలింటికి కుప్పం వెళ్లాం. రెండోనాడు పొద్దున స్నానం చేసి వచ్చిన మనిషి గుండె పట్టుకుని కూలబడ్డాడు. చెల్లెలి మొగుడు, మా మరిది, ఆటో పిలిచి ఊరి బయటి పెద్దాసుపత్రికి తీసుకుపోయాడు. పేరు చెప్పి చీటీ రాయించిందీ ఆయనే. మేం వెనకాల పరుగెత్తేసరికి నాయనను ఐసీయూలోకి తోసేశారు. నోట్లో పైపు పెట్టారు, చూడటానికి వీల్లేదు, బయట హాల్లో కూర్చోమన్నారు.

ఆ హాల్లోనే వి.కోట వైపు నుంచి వచ్చిన ఒకామె ఉంది, అమ్మ వయసే. ఆమె మొగుడు లోపల నాయన పక్క మంచం మీదే ఉన్నాడు. ఆయన పేరూ మునితోనే మొదలు. మందులు తెమ్మని నర్సు ఆ పేరుతో కేక వేస్తే మేమూ లేచాం, ఆమే లేచింది. అలా తెలిసింది. అమ్మ మొహంలో నెత్తురు చుక్క లేదు.

"ఒగే పేరోళ్లను పక్కపక్కన పండబెడతారా యాడైనా? వాళ్లాయన కోసం వచ్చింది మీ నాయిన్ని పట్టుకపోతే?" అని నా చెవిలో అంది. నేను కసిరాను. నీ పిచ్చి నువ్వూ, డాక్టర్లు ఉన్నారు, మిషన్లు ఉన్నాయి అన్నాను. గట్టిగానే అన్నాను, గొంతు వణక్కుండా ఉండాలని. ఇక మీదట ఇక్కడ ఎవరూ నాయన పేరెత్తకూడదని ఆమె మా అందరి దగ్గరా మాట తీసుకుంది. ఆ రెండో ఆమె భయం కూడా అదేనని నాకు అనిపించింది. పెరుగన్నం పంచుకుని తిన్నారు గానీ ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకోలేదు.

మరునాడు మిట్టమధ్యాహ్నం ఐసీయూ తలుపు తెరుచుకుంది. కేరళ నుంచి వచ్చిన నర్సు, తెలుగు అప్పుడప్పుడే నేర్చుకుంటున్న పిల్ల. చేతిలో ఫైలు ఉంది. తోక లేకుండా, "ముని తాలూకు ఎవరు?" అని మాత్రం అడిగింది. మందుల కోసం పిలిచిన పిలుపు కాదది, ఇద్దరిలో ఒకరు పోయారని చెప్పే పిలుపు. ఆ పిల్ల కళ్లు ఎవరి మీదా నిలవలేదు. నేనూ అమ్మా లేచాం, వి.కోట ఆమె కూడా లేచింది. పూర్తి పేరు చెప్పమంది నర్సు. వి.కోట ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుని తల అడ్డంగా ఊపింది, పేరు చెప్పకూడదని. నేను చెప్పాలి. కానీ ఏ పేరు చెప్పాలి? చీటీ రాయించింది మరిది, ఆయనేమో మందుల షాపుకు పోయాడు. నాయన లోపల రత్నంగా ఉన్నాడో సామిగా ఉన్నాడో నాకు తెలియదు.

అప్పుడు అమ్మ పలికింది. తలా తోకా కలిపి, చివర అప్పతో, మొత్తం పేరు. నా పుట్టుకలో మొదటిసారి విన్నాను. అనేసి, కాలిన దానిలా చప్పున నోరు మూసుకుంది.

నర్సు ఫైలు చూసింది. "అప్ప లేదమ్మా. సామి," అంది.

సామి అంటే కుప్పం పిలుపు. మరిది నోట వచ్చే పిలుపు. అమ్మ తల తిప్పి నా వైపు చూసింది, ఆమెకూ అదే తట్టింది. ఊరు, ఊరు చూడండి అని ఎలా అన్నానో తెలియదు. ఆ పిల్ల వేలు పెట్టి కూడబలుక్కుని చదివింది. వి.కోట దగ్గరి పల్లె పేరు. మాది కాదు. నాకు ప్రాణం లేచొచ్చింది. రాయడానికి సిగ్గుగానే ఉంది, కానీ లేచొచ్చింది.

వి.కోట ఆమె వెంటనే ఏడవలేదు. నర్సును కాదు, మా అమ్మను అడిగింది. "ఇంగ పేరు పెట్టి పిలిస్తే ఏంగాదు కదమ్మా?"

ఆమె నేల మీద కూలబడి, మొగుణ్ణి పేరు పెట్టి పిలవడం మొదలుపెట్టింది. తోక లేకుండా, ఒట్టి "మునీ, మునీ" అని. ఇన్నేళ్లూ దాచుకున్న పిలుపులన్నీ ఒక్కసారి పిలిచేస్తున్నట్టు పిలిచింది. హాలంతా ఆ పేరే. అది మా నాయన పేరు కూడా.

అమ్మ ఆమెను పట్టుకుంటుందనుకున్నాను. పట్టుకోలేదు. ఐసీయూ తలుపు దగ్గరికి పరుగెత్తి, వీపు ఆనించి నిలబడి, రెండు రెక్కల మధ్య సందులోకి తన కొంగు కుక్కసాగింది. వాచ్‌మన్ వచ్చి కేకలేశాడు. "లోపలికి పోకూడదప్పా, పోకూడదు," అంటూనే ఉంది అమ్మ. నేను చెప్పేదీ అదే కదమ్మా, పోకూడదు, పక్కకు జరుగు అన్నాడతను. ఆమె జరగలేదు. ఏడుపు సన్నగిల్లాకే కొంగు లాక్కుని, పోయి ఆమె పక్కన కూర్చుంది.

కొన్నాళ్లకు నాయనను వార్డులోకి మార్చారు. గొంతు బొంగురు తప్ప మనిషి బాగానే ఉన్నాడు. ఓ మధ్యాహ్నం అమ్మ గంజి తాగిస్తుంటే అన్నాడు, ఆ గదిలో ఉండగా ఎవరో ఆడమనిషి తనను పేరు పెట్టి పిలిచిందని, ఏడుస్తూ మళ్లీ మళ్లీ పిలిచిందని. అమ్మ చేతిలో స్పూను ఆగిపోయింది.

"పలికినావా?" అంది.

"నోట్లో పైపు పెట్టిండ్రి. పలకాలనే అనుకుంటి, యాడ పలికేది?"

నేనే, ఏ నమ్మకాలూ లేనిదాన్ని, వార్డు గుమ్మం వైపు తిరిగి చూశాను. అక్కడెవరూ లేరు. అమ్మ గంజి గిన్నె కింద పెట్టి, కొంగుతో ఆయన మూతి తుడిచింది.

"నేనేలేప్పా పిలిసింది," అంది.

"నువ్వా? నా పేరా?" నాయన నవ్వబోయి దగ్గాడు.

అమ్మ ఆయన మొహానికి ఎదురుగా, బాగా కనబడేలా వంగింది. మొత్తం పేరు పెట్టి పిలిచింది, చివర అప్పతో. "నేనే పిలుస్తాండాను. సూసినావు కదా? ఇప్పుడు పలుకు."

నాయన ఆమె మొహం చూశాడు. తర్వాత "ఓ" అన్నాడు.