సూరి మాస్టారూ, మా రెండో ఆల్బమూ

మొన్న శృంగవరపుకోటలో ఒక పెళ్లి పందిట్లో ఎవరో కీబోర్డు స్విచ్ వేశారు. వేళ్లు మెట్ల మీద పడకముందే స్పీకర్లోంచి సన్నగా గుయ్‌మనే శబ్దం వచ్చింది. చేతిలోని కాఫీ కప్పు కింద పెట్టేశాను. ఆ శబ్దం తర్వాత సూరి మాస్టారు గొంతు సవరించుకుంటారని నా చెవులు ఇంకా ఎదురుచూస్తాయి.

మాస్టారు నరసన్నపేటలో ఒక మేడమీద గదిలో పిల్లలకు కీబోర్డు నేర్పేవారు. అంతకుముందు చాలాకాలం పెళ్లిళ్ల ఆర్కెస్ట్రాలో వాయించారు. నేను సముద్రపు ఒడ్డు పల్లె నుంచి డిగ్రీ చదవడానికి ఆ ఊరు వచ్చే పిల్లని. నాన్న వేటకెళ్లేవాడు, అమ్మ సంతల్లో చేపలమ్మేది. కాలేజీ వేడుకలో నా పాట విని, ఆయనే వచ్చి అమ్మని ఒప్పించారు. ఆయన కీబోర్డు, నా గొంతు, అంతే. మూడో మనిషి లేడు. మా మొదటి ఆల్బమ్‌లో అన్నీ హుషారు పాటలే. ఆ వేసవి పాతపట్నం దాకా ఆటోల్లో అవే మోగాయి. దాంతో శేఖర్ అనే పంపిణీదారు విశాఖపట్నం నుంచి వచ్చి, రెండోదాన్ని రాష్ట్రమంతా విడుదల చేస్తానన్నాడు.

"ఇదే ఆకరు నీలా," అంది అమ్మ. "ఇదాడకపోతే నాతోపాటు గంపెత్తుకోవాల."

రెండోసారి మాస్టారు హుషారు జోలికి పోలేదు. వేటకెళ్లిన పడవల కోసం ఒడ్డున కాచుకునే ఆడవాళ్ల మీద పాటలు కట్టారు. కీబోర్డు మీటలు నొక్కి, తిప్పి, అల వెనక్కి జారేటప్పుడు ఇసుక చేసే చప్పుడు పుట్టించారు.

"సుక్క పొడిసిందా అని అను," అనేవారు. అనేదాన్ని. "అదీ! నీ 'స', నా అల కలిసిపోవాల. ఏది ఏదో తెలీకూడదు."

విజయనగరంలో రికార్డింగ్ నాడు శేఖర్ అద్దం అవతల ఇంజనీరు పక్కన కూర్చున్నాడు. "సూడే సెల్లీ, సుక్క పొడిసిందా" అని ఎత్తుకున్నానో లేదో, చెయ్యెత్తి ఆపేశాడు.

"అమ్మా, ఇది గుంటూరులో, తిరుపతిలో కూడా వినాలి. 'చూడవే చెల్లీ, చుక్క పొడిచిందా' అని పాడు. లేదంటే నేను విడుదల చేయలేను."

మాస్టారి వంక చూశాను. ఆయన తలెత్తలేదు. కాలేజీలో నా మాటకు నవ్వినవాళ్లు గుర్తొచ్చారు. అమ్మ గంప గుర్తొచ్చింది. శేఖర్ చెప్పినట్టే పాడాను, ఒక్క తప్పు లేకుండా. శేఖర్ చప్పట్లు కొట్టాడు.

ఇంజనీరు పాట వినిపించాడు. అల మీద నా గొంతు గులకరాళ్లు విసిరినట్టు పడుతోంది. మాస్టారు కళ్లు మూసుకుని చివరిదాకా విన్నారు.

"బాగుంది," అన్నారు. "ఎవులు పాడినారు?"

వేళాకోళం కాదు, నిజంగానే అడిగినట్టు అడిగారు. నాకు ఒళ్లు మండిపోయింది.

"నేనే పాడినాను మాస్టారూ! మీకేటి, మీకు పాఠాలున్నాయి. నాకేటున్నాది?"

మాస్టారు మెల్లగా లేచి నా దగ్గరకొచ్చారు.

"ఇదే ఉంచీమంటే ఉంచీస్తాను పిల్లా. అల తీసీసి ఇంకోటి కడతాను. నోరు నీది. నువ్వే సెప్పు."

ఆయన ఆజ్ఞాపించి ఉంటే ఎదురు తిరిగేదాన్ని. తేల్చే భారం నామీదే పెట్టారు. శేఖర్ గడియారం చూసుకుంటున్నాడు. చివరికి, "మొదటినుంచీ వాయించండి," అన్నాను. మా ఇంట్లో పలికినట్టే పాడాను. పాట సగంలో శేఖర్ బ్యాగు తీసుకుని వెళ్లిపోవడం అద్దంలోంచి కనిపించింది. గొంతు ఆగలేదు.

ఆ పాటలు మేమే నెట్లో పెట్టుకున్నాం. కొద్దిమంది విన్నారు. గెలుపు లాంటిదేదీ జరగలేదు. నేను గంపెత్తుకున్నాను. నిర్ణయం నాదే అయినా కోపం మాత్రం మాస్టారి మీదే. చాలాకాలం ఆ మేడ ఎక్కలేదు. ఒకనాడు సంతలో ఆయనే నా చేపల ముందు వచ్చి నిలబడ్డారు.

"గొంతెలాగున్నాది?"

"ఉన్నాది మాస్టారూ," అన్నాను.

"అయితే రేపు రా. పిల్లలకి పాట నేర్పాల, నావల్ల అవ్వట్లేదు."

వెళ్లాను. ఆయన పోయేదాకా ఆ గదిలోనే పాట నేర్పాను.

ఇప్పుడు శృంగవరపుకోటలో ఒక బడిలో సంగీతం చెబుతున్నాను. కొండవైపు పల్లెల నుంచి పిల్లలొస్తారు. పాడమంటే ముందు నా పెదాల వంకే చూస్తారు, టీచరుకి ఏ పలుకు నచ్చుతుందోనని. అప్పుడు నేను కిటికీ వైపు తిరిగి నిలబడతాను. వెనక ఒక గొంతు తనంతట తాను లేచేదాకా తిరిగి చూడను.