నివేదికలో ఆఖరి వాక్యం

కోర్టు అమీనా జప్తుకు వెళ్ళిన ఇంట్లోకైనా చెప్పులు విప్పే అడుగుపెడతాడు. వెంట వచ్చే బ్యాంకు ఆఫీసరు అది చూసి ముసిముసిగా నవ్వుతాడు. అమీనా కళ్ళజోడు నుదుటి మీదికి తోసుకుని గదిగదీ తిరుగుతాడు, పొయ్యి ఆరిందో లేదో చెయ్యి పెట్టి చూస్తాడు, తాళం వేసి లక్క ముద్ర కొడతాడు. ఇరవై రెండేళ్ళుగా ప్రతి నివేదికా ఒకే వాక్యంతో ముగిస్తాడు: "ఇంటివారు సహకరించారు." దుమ్మెత్తి పోసినవాళ్ళకీ, శాపనార్థాలు పెట్టినవాళ్ళకీ అదే వాక్యం.

ఆ రోజు దర్జీ ఇల్లు. బాకీని తగ్గించి మూడు వాయిదాల్లో కట్టేటట్టు జడ్జి ఎదుట బ్యాంకుతో రాజీ కుదిరింది. రెండు కట్టాక దర్జీకి పక్షవాతం వచ్చి కుడిచెయ్యి పడిపోయింది. బ్యాంకు ఇంకో నెల గడువివ్వనంది. వాయిదా తప్పితే అని రాజీపత్రంలో ఉన్నట్టే ఇల్లు స్వాధీనం చేసుకోమని కోర్టు ఉత్తర్వు ఇచ్చింది. కుట్టుమిషనూ, మంచమూ, మంచం మీద దర్జీ వీధిలోకి చేరాక అమీనా తలుపు లాగాడు. గడియ పడలేదు. మళ్ళీ లాగాడు, చెమటలు పట్టాయి. "పగలగొట్టి కొత్తది పెట్టిద్దాం లెండి," అన్నాడు ఆఫీసరు. "అయ్యో, పగలగొట్టకండి!" అంటూ దర్జీ భార్య గబగబా మెట్లెక్కి వచ్చింది. "వానకి ఉబ్బింది అన్నయ్యా. కాస్త పైకెత్తి లాగాలి." భుజం ఆనించి తనే తలుపెత్తింది. గడియ పడింది. అమీనా మెట్టు మీద కూర్చుని నివేదిక రాశాడు. ఆఖరి వాక్యం దగ్గర ఆగిపోయాడు. ఇన్నేళ్ళలో ఆ మాట అక్షరాలా నిజమైంది ఈ ఒక్క ఇంట్లోనే. రాయడానికి చెయ్యి రాలేదు.